పులిని వాకిట్లో నిలబెట్టి

శ్రీదివ్య వీడియోని సరిగ్గా పులి ముక్కు దగ్గర కోసింది.

తెర మీద పక్కింటి ఇమా కుడిచెయ్యి గాల్లో ఆగి ఉంది. బొటనవేలికీ చూపుడువేలికీ మధ్య కంటికి కనపడని దారం. ఆ దారం కొసని ఎదురుగా ఉన్న కనపడని పులి ముక్కుకి ఆనించబోతూ ఏదో అనడానికి నోరు తెరిచింది. ఆ తెరిచిన నోటి దగ్గర శ్రీదివ్య వేలు పెట్టి వీడియోని రెండు ముక్కలు చేసి, రెండో ముక్కని పక్కకి లాగి దాచేసింది. మొదటి ముక్క చివర నల్లటి తెర వేసి, దాని మీద తెల్లటి ఇంగ్లీషు అక్షరాలతో ‘రెండో భాగం వచ్చే వారం’ అని రాసింది.

"అబ్బ!" అని తనలో తనే మురిసిపోయింది. ఇంత మంచి చోట ఆపితే రెండో భాగం చూడకుండా ఎవరు ఉండగలరు?

వంటగది గట్టు మీద అల్లం టీ పొగలు కక్కుతోంది. కాళ్ళకి ఆదిత్య ఉన్ని మేజోళ్ళు వదులుగా వేలాడుతున్నాయి. పెళ్ళయి నాలుగు నెలలు. బయట ఆదిత్య కారు అద్దానికి పట్టిన మంచుని పాత లైబ్రరీ కార్డుతో గీకుతున్నాడు. కాకినాడలో పుట్టి పెరిగిన పిల్లకి జూలై నెలలో మంచు గీకే మొగుణ్ణి చూడటం ఇంకా కొత్తే. గీకుతూ గీకుతూ అతను అద్దం మీద రెండు చెవులూ, మీసాలూ పెట్టి ఒక పిల్లి ముఖం గీసి, కిటికీ వైపు తిరిగి ఎలా ఉందన్నట్టు కనుబొమలెగరేశాడు. శ్రీదివ్య పకపకా నవ్వింది. ఆ నవ్వు ముఖం మీద ఉండగానే వీడియోని పోస్టు చేసేసింది.

లింథోయికి ఒక మాట చెబుదామనుకుంది. కానీ పక్కింటి పడగ్గది కిటికీ తెరలు ఇంకా వేసే ఉన్నాయి. పసిబిడ్డ తల్లి, ఇప్పుడే కన్ను మూతపడి ఉంటుంది. లేపడం ఎందుకు?

లింథోయిది మణిపూర్. సిడ్నీకి మూడు గంటల దూరంలోని ఈ హారిసన్‌లో వీళ్ళ ఇంటికీ ఆ ఇంటికీ మధ్య ఒక్కటే గోడ. వాళ్ళమ్మ తంఫాదేవి కూతురి పురుడు పోయడానికి ఇంఫాల్ నుంచి వచ్చింది. ఇమా అంటే అమ్మ. అక్కడ పెద్దావిడలందరినీ అలాగే పిలుస్తారంటే శ్రీదివ్య కూడా మొదటిరోజు నుంచీ ఇమా అనే పిలిచింది. ఆవిడ కాలేజీలో లెక్కలు చెప్పి రిటైరయింది. సన్నగా, నిటారుగా, ఇంగ్లీషులో తూచినట్టు మాట్లాడుతుంది. మనవరాలిని ఒళ్ళో వేసుకుని హీటరు ముందు కూర్చుని ఫుంగావారి చెబుతుంది. ఫుంగా అంటే పొయ్యి, వారి అంటే కథ. పొయ్యి చుట్టూ కూర్చుని చెప్పుకునే కథలన్నమాట. మూడు నెలల పిల్లకి ఏం అర్థమవుతుందని లింథోయి నవ్వితే, "నాకు అర్థమవుతుందిగా" అంటుంది ఇమా.

ఒక ఆదివారం శ్రీదివ్య అలాంటి కథ ఒకదాన్ని ఫోనులో పట్టి, కింద ఇంగ్లీషు మాటలు వేసి ‘ఇమాగీ వారి’, అంటే ‘అమ్మ కథ’, అనే పేజీ తెరిచింది. లింథోయి బిడ్డకి పాలిస్తూ ఒక్కో వాక్యానికీ అర్థం చెబితే తను టైపు చేసేది. దగ్గులు, ఆవలింతలు, ‘ఆ తర్వాత ఏం జరిగిందంటే’ అని ఇమా పైకి చూస్తూ కూర్చునే మౌనాలు కత్తిరించేసేది. అన్నం ఉడికేంతసేపు సాగే కథ మూడు నిమిషాలకి కుదించుకుపోయేది. మొదట ఇంఫాల్ చుట్టాలు చూశారు, తర్వాత ఢిల్లీ, బెంగళూరు హాస్టళ్ళలో ఉండే మణిపురి పిల్లలు. ఇమా కూడా మారింది. వీడియో రోజున చెవులకి పోగులు పెట్టుకోవడం, మనవరాలి వైపు కాక ఫోను వైపు చూసి చెప్పడం నేర్చుకుంది. "ఈసారి ఎంతమంది?" అని అడిగేది, అడిగి సిగ్గుపడేది.

ఈ పులి కథ పొడుగ్గా వచ్చింది. మొగుడు చేపలకి వెళ్ళిన రాత్రి ఒక నేతగత్తె వాకిట్లోకి పులి వస్తే, ‘నీకు చలికి బట్ట నేస్తాను, కొలతకి కదలకుండా నిలబడు’ అని ఆవిడ దారం తీస్తుంది. మూడు నిమిషాలకి ఎంత నొక్కినా లొంగలేదు. అందుకే రెండు ముక్కలు చేసింది.

సాయంత్రానికి పేజీ ఊగిపోయింది. అంతవరకూ ఏ కథకీ రానంత మంది చూశారు. ‘అయ్యో పులి ఏం చేసింది?’ అని ఒకరు, ‘మా అమ్మమ్మ అన్నం తినకుండా కూర్చుంది, రెండోది ఎప్పుడు?’ అని ఒకరు, ఏడుపు బొమ్మలు, పులి బొమ్మలు. ఆదిత్య ఆఫీసు నుంచి వచ్చేసరికి శ్రీదివ్య గుమ్మంలోనే పట్టుకుంది.

"చూడు, చూడు. నీ పెళ్ళాం ఫేమస్ అయిపోతోంది."

"నువ్వా, ఆంటీయా?"

"ఆంటీ కథ చెప్పింది. ఎక్కడ ఆపాలో నేను చెప్పాను. అదీ కదా ఆర్టు!"

"మా మేనేజరు కూడా మీటింగుల్లో ఇలాగే చేస్తాడు. అసలు విషయం నెక్స్ట్ మీటింగుకి" అన్నాడు ఆదిత్య బూట్లు విప్పుతూ. శ్రీదివ్య అతని వీపు మీద గుద్దింది.

మర్నాడు సాయంత్రం తలుపు కొట్టింది లింథోయి. బెల్లు ఉండగా చేత్తో కొట్టింది. భుజాన బిడ్డ, కాళ్ళకి చెప్పుల్లేవు, చలికి పాదాలు ఎర్రగా కందిపోయాయి.

"దివ్యా, ఆ కథ సగంలో ఆపావా?"

"అవును, సర్ప్రైజ్ చేద్దామని... రెస్పాన్స్ చూశావా?"

"మొత్తం పెట్టావనుకున్నాను. నేను చూడనే లేదు. వీడియో అమ్మ పొద్దున చూసుకుంది." లింథోయి బిడ్డని భుజం మార్చుకుంది. "ఒకసారి రా."

వంటగదిలో ఇమా సింకు దగ్గర నిలబడి ఒక కప్పు కడుగుతోంది. అది కడిగి బోర్లించి, మళ్ళీ తీసి కడిగింది. శ్రీదివ్య వచ్చినట్టు తెలిసినా వెనక్కి తిరగలేదు.

లింథోయి చెప్పింది. తన తమ్ముడు, ఇమా కొడుకు రొమెన్ నిన్న తెల్లవారుజామున ఇంఫాల్ నుంచి సిల్చర్‌కి బయల్దేరాడు. కొండదారి, పైగా వానాకాలం. రాత్రికి చేరాలి. చేరినట్టు కబురు లేదు. ఫోను మోగడం లేదు. దానికి తోడు నిన్న మధ్యాహ్నం నుంచి ఊళ్ళో మళ్ళీ ఏదో గొడవని ఇంటర్నెట్ ఆపేశారు. మెసేజీలు పోవడం లేదు. పిన్నికి ఫోను చేస్తే ‘అన్ని లైన్లూ బిజీ’.

"దానికీ కథకీ..." అని ఆగిపోయింది శ్రీదివ్య.

ఇమా కప్పు బోర్లించి, చేతులు తుడుచుకుని ఇటు తిరిగింది. ముఖంలో కోపం లేదు. ఉంటే బాగుండేదనిపించింది శ్రీదివ్యకి.

"కూర్చో దివ్యా. నీకు చెప్పలేదు, తప్పు నాదే. మా ఇంట్లో కథ మొదలెడితే ఆపరు. మా అమ్మ ఆపేది కాదు, ఆవిడ అమ్మ కూడా. పొయ్యి మీద అన్నం మాడుతున్నా, వాకిట్లో చుట్టాలు నిలబడ్డా, చెప్పడం పూర్తి చేశాకే లేచేవాళ్ళు. విన్నవాళ్ళకి చివరిదాకా చెప్పకుండా వదిలేస్తే ఆ కథ ఇంట్లో ఉండదంటారు. చెప్పినవాళ్ళ బిడ్డ ఎవరైనా దారి మీద ఉంటే, వాళ్ళ వెనక వెళ్తుందంటారు."

బిడ్డ చిన్నగా తుమ్మింది.

"నేను లెక్కలు చెప్పినదాన్ని. ఇలాంటివి నమ్మను" అంది ఇమా. కప్పు మళ్ళీ చేతిలోకి తీసుకుంది. "నమ్మను. కానీ మా ఇంట్లో ఎవరూ ఎప్పుడూ ఆపి చూడలేదు. అందుకని నాకు తెలియదు, ఆపితే ఏమవుతుందో."

"ఇమా, ఇప్పుడే పెట్టేస్తాను. రెండో ముక్క ఫోనులోనే ఉంది. రెండు నిమిషాలు."

"పెట్టు. నిన్న విన్నది ఎవరు? మా చెల్లెలు, మా వీధి వాళ్ళు. మధ్యాహ్నానికల్లా ఇంటర్నెట్ పోయింది. పెడితే ఎవరు వింటారు?"

అయినా శ్రీదివ్య అక్కడే నేల మీద చతికిలబడి ఫోను తీసింది. దాచిన ముక్కని లాక్కొచ్చింది. ఇమా నోరు తెరిచిన చోటు నుంచి మొదలవుతుంది. దారం కొస ముక్కుకి ఆనించి, తోకదాకా కొలుస్తున్నట్టు నటిస్తూ పులి కాళ్ళ చుట్టూ తిప్పుతుంది నేతగత్తె. పులి ‘ఇదేం కొలత?’ అంటే ‘నీ కాళ్ళకీ చలి వేస్తుందిగా’ అంటుంది. చివరికి పులి స్తంభానికి చుట్టుకుపోతుంది. తెల్లారి భర్త చేపలతో వచ్చేసరికి ఆవిడ మగ్గం దగ్గర పాటందుకుని ఉంటుంది. శ్రీదివ్య మౌనాలు కత్తిరించలేదు. దగ్గు ఒకటి వచ్చింది, అదీ ఉంచేసింది. లింథోయి చెబుతుంటే అర్థాలు టైపు చేసింది. పోస్టు నొక్కి, కళ్ళు మూసుకుంది.

ఇంటికొచ్చాక అన్నం సహించలేదు. కంచం ముందు కూర్చుని ఫోను వైపే చూస్తోంది. ఏ ఊరివాళ్ళు చూస్తున్నారో చూపించే పట్టీలు ఉంటాయి పేజీకి. ఢిల్లీ పట్టీ పొడుగ్గా సాగుతోంది, బెంగళూరు దాని వెనకే. సిడ్నీ, మెల్బోర్న్ కూడా చిన్న చిన్న పట్టీలు. నిన్నటి ముక్కకి అన్నిటికంటే పొడుగ్గా ఉన్న ఇంఫాల్ పట్టీ ఈరోజు ముక్కకి అసలు లేదు.

"మీకు తెలుసా, నేనేం చేశానో?" అంది.

ఆదిత్య తల ఎత్తాడు. ఆమె భయపడినప్పుడే తనని ‘మీరు’ అంటుందని ఈ నాలుగు నెలల్లో అతనికి తెలిసిపోయింది. గరిటె పక్కన పెట్టాడు.

"చెప్పు."

మొత్తం చెప్పింది.

"దివ్యా, అతను సిల్చర్ రోడ్ మీద ఉన్నాడు. వర్షాకాలం. ఎప్పుడూ బ్లాక్ అయ్యే రోడ్డట అది. నీ వీడియోకీ దానికీ సంబంధం లేదు."

"నాకు తెలుసు."

"మరి?"

"తెలిసినా ఇలా ఉంది. పైగా వాళ్ళని అడగలేదు. వాళ్ళ ఇంటి కథ, వాళ్ళ అమ్మగారి గొంతు, నేను కత్తెర పట్టుకుని... ఎక్కడ ఆపాలో నాకే తెలుసన్నట్టు." ముక్కు ఎగబీల్చింది. "మా ఇంట్లో నాన్నమ్మ చెబుతుంటే మధ్యలో ఎవరైనా లేస్తే ఎంత తిట్టేదో. అదేమీ గుర్తు రాలేదు నాకు. పులి ముక్కే కనపడింది."

ఆదిత్య తన కంచంలోంచి అప్పడం తీసి ఆమె కంచంలో పెట్టాడు. అది అక్కడే మెత్తబడిపోయింది.

శుక్రవారం శ్రీదివ్య గంగాలిన్‌లోని బేకరీకి పనికి వెళ్ళింది. వాళ్ళ కేకుల ఫోటోలు తీసి పేజీలో పెట్టడమే తన పని. అక్కడ కొత్తగా వచ్చిన నిమ్మకాయ కేకు మీద క్రీము ఎలా మెరుస్తుందో చూసి మామూలుగా అయితే గంతులేసేది. ఈరోజు లైటు సర్దుతూ సర్దుతూ ఫోను తిప్పి లింథోయి మెసేజీ ఉందేమో చూసుకుంటోంది. లేదు. మధ్యాహ్నం ఒకటి వచ్చింది: ‘ఇంకా ఏమీ లేదు. అమ్మ తినడం లేదు.’ కేకు ఫోటో మసకగా వచ్చింది. మళ్ళీ తీసింది, మళ్ళీ మసకే.

పేజీలో కింద రాతలు పెరుగుతున్నాయి. ఢిల్లీలో ఒకమ్మాయి, ‘పులిని కట్టేసిందా! ఇమా జై!’ అని రాసింది. మరొకరు మొన్నటి మొదటి ముక్క కిందే రాశారు: ‘మా ఊళ్ళో నెట్ పోకముందు సగమే విన్నారు. మా అక్క ఫోనులో అడుగుతోంది, ఏమైందని. నేను చెప్పనా, మీరే చెబుతారా?’ శ్రీదివ్య ఆ రాతని నాలుగుసార్లు చదివింది. అడిగింది ఎవరో తెలియదు. ‘దయచేసి మీరే చెప్పండి’ అని రాసింది. రాశాక ఎందుకో గుండెలో కాస్త బరువు తగ్గినట్టయింది. కానీ అది ఒక్క అక్క. మిగతావాళ్ళు?

సాయంత్రం ట్రామ్‌లో ఇంటికొస్తుంటే ఎదురు సీట్లో ఒక కుర్రాడు బొటనవేలితో వీడియోలు పైకి తోస్తున్నాడు. ప్రతి వీడియోలోనూ ఎవరో నోరు తెరుస్తున్నారు, మాట పూర్తవకముందే పైకి వెళ్ళిపోతున్నారు. శ్రీదివ్య కిటికీ వైపు తిరిగిపోయింది.

పక్కింటికి వెళ్ళేసరికి ఇమా హీటరు ముందు కూర్చుని ఉంది. ఒళ్ళో బిడ్డ లేదు. చెవులకి పోగులూ లేవు. చేతిలో పాత కీప్యాడ్ ఫోను పట్టుకుని అదే నంబరు నొక్కుతోంది, చెవికి పెట్టుకుంటోంది, దించుతోంది.

"ఇమా, కొంచెం టీ..."

"దివ్యా, నిన్ను ఒకటి అడుగుతాను. నువ్వు వారం ఆగమన్నావు వాళ్ళని. వారంలో ఏం జరుగుతుందని?"

"మళ్ళీ వస్తారని... ఎక్కువమంది వస్తారని" అంది శ్రీదివ్య.

ఇమా తల ఊపింది, లెక్క తప్పు చేసిన విద్యార్థి తన తప్పు తనే చెప్పినప్పుడు మేష్టార్లు ఊపినట్టు. "వాళ్ళు మళ్ళీ వస్తారని నువ్వు అనుకున్నావు. వాళ్ళు ఉంటారని అనుకున్నావు. మా దగ్గర అలా అనుకోలేము, ఈమధ్య." ఫోను ఒళ్ళో పెట్టుకుంది. "తప్పు నీదొక్కదానిదే కాదు. నాకూ బాగుండేది, ఎక్కువమంది వస్తే. చెవులకి పోగులు పెట్టుకుని కూర్చున్నదాన్ని నేనేగా."

శనివారం పొద్దున ఆదిత్యకి ఒక ఆలోచన వచ్చింది. అతని ఫోను ప్లానులో ఇండియాకి మామూలు కాల్స్ ఎన్నయినా చేసుకోవచ్చు. లింథోయి ఇంటి ఫోనుకీ, ఇమా కీప్యాడ్ ఫోనుకీ లైను దొరకడం లేదు కానీ వేరే కంపెనీ ఫోను నుంచి దొరుకుతుందేమో. ఇద్దరూ పక్కింటికి వెళ్ళి, హీటరు ముందు కార్పెట్ మీద కూర్చున్నారు. ఇమా చెల్లెలి నంబరు చెప్పింది. ఆదిత్య నొక్కాడు. బిజీ. మళ్ళీ నొక్కాడు. బిజీ. లింథోయి బిడ్డని ఊపుతూ గది చుట్టూ తిరుగుతోంది. కెటిల్ మరిగి దానంతట అదే ఆగిపోయింది, ఎవరూ లేవలేదు.

ఆదిత్య అలా నొక్కుతూనే ఉన్నాడు. శ్రీదివ్య అతని చేతి మీద చెయ్యి వేసి, "నువ్వు అలిసిపోయావు, నేను చేస్తా" అంది. ఆ నువ్వు విని అతను ఒక్క క్షణం ఆమె వైపు చూసి ఫోను ఇచ్చాడు.

ఈసారి మోగింది.

మోగి, మోగి, అవతల ఎవరో ఎత్తారు. స్పీకరులో గరగర, కోడి కూత, వెనక చాలామంది ఆడవాళ్ళ గొంతులు. ఇమా ఒక్క ఉదుటున ముందుకు వంగింది.

"ఇబెతొంబీ!" అని చెల్లెల్ని పిలిచింది.

ఆ తర్వాత ఇమా మాటలు శ్రీదివ్యకి అర్థం కాలేదు. ‘రొమెన్’ అన్న ఒక్క పేరు తప్ప. అవతలి గొంతు కూడా రొమెన్ అంది, ఇంకేదో అంది, ఎవరినో గట్టిగా పిలిచింది. ఇమా ముఖం చూస్తూ కూర్చుంది శ్రీదివ్య. ఆ ముఖంలో ఏదో మారుతోంది. బుగ్గల మీద ఎముకలు కొంచెం కిందికి దిగినట్టయ్యాయి, పెదవులు విడివడ్డాయి. ఉన్నట్టుండి ఇమా తిట్లు లంకించుకుంది. భాష రానివాళ్ళకి కూడా తిట్లని తెలిసిపోయేంత గట్టిగా.

లింథోయి నేల మీద కూలబడి ఏడుస్తూ నవ్వుతూ చెప్పింది. "దారిలో కొండ విరిగిపడిందట. అంతా ఆగిపోయి, వెనక్కి వచ్చి, ఏదో టీ హోటల్లో పడుకున్నాడట. ఫోను చార్జి అయిపోయింది. నిన్న సాయంత్రమే ఇంటికొచ్చాడు. పిన్ని మనకి చెప్పాలని చూసింది, లైను దొరకలేదట. ఇప్పుడు నిద్రపోతున్నాడు, దున్నపోతు!"

ఆదిత్య ఊపిరి వదిలాడు. శ్రీదివ్య కార్పెట్ దారాలని వేళ్ళతో పీకుతూ, కళ్ళు తుడుచుకోవడం మర్చిపోయింది.

ఇమా తిట్టడం ఆపింది. మంచినీళ్ళు తాగింది. వీపు నిటారుగా చేసుకుని కూర్చుని, కుడిచెయ్యి గాల్లోకి ఎత్తి, రెండు వేళ్ళ మధ్య దారం పట్టుకుంది. ఫోనులోకి వంగి ఏదో అంది. మెల్లగా, గట్టిగా, తరగతిలో పాఠం మొదలుపెట్టినట్టు.

"మిగిలిన కథ చెబుతానంటోంది" అంది లింథోయి. "అందర్నీ పిలవమంటోంది."

అవతల నవ్వు. ఒకరిది కాదు, చాలామందిది. పిన్ని ఏదో అంది. ఇమా చెయ్యి గాల్లోనే ఆగిపోయింది.

"ఏమంటోంది?" అంది శ్రీదివ్య.

"అక్కర్లేదంటోంది." లింథోయి కళ్ళు పెద్దవయ్యాయి. "కథ అయిపోయిందట. వాళ్ళే పూర్తి చేసేశారట. ఇంటర్నెట్ పోయిన రోజు సాయంత్రం అందరూ పిన్ని వాకిట్లో చేరి, పులి ఏమైందని గొడవపడ్డారట. ఒకళ్ళు చంపేద్దామన్నారు, ఒకళ్ళు పారిపోనిద్దామన్నారు. అప్పటి నుంచీ రోజూ సాయంత్రం ఇదే పనట. నీ వీడియో వాళ్ళ ఫోనుల్లో ఎక్కడ ఆగిందో అక్కడి నుంచి."

ఇమా తీవ్రంగా ఏదో అంది. గొంతులో ‘అలా ఎలా?’ అన్న స్వరం.

"అసలు నువ్వు చెప్పాల్సిన పనేముంది, మేం చెబుతాం నువ్వు విను, అంటోంది పిన్ని" అంది లింథోయి, నవ్వాపుకుంటూ. "అమ్మకి కోపం వచ్చింది. నా కథ అంటోంది."

స్పీకరులో పిన్ని గొంతు మారింది. కోడి అరుపులు, గరగర అన్నీ ఉన్నా, ఆ గొంతు వేరే చోట నిలబడినట్టు వినిపించింది. ఇమా కథ మొదలుపెట్టేటప్పుడు వినిపించే గొంతే. అక్కాచెల్లెళ్ళ గొంతులు ఇంత ఒకేలా ఉంటాయని శ్రీదివ్య ఇప్పుడే గమనించింది.

లింథోయి మెల్లగా చెవిలో చెబుతోంది. "దారం ముక్కుకి పెట్టి తోకదాకా కొలిచింది. బట్ట నేయడం మొదలుపెట్టింది. పులి వాకిట్లోనే పడుకుంది. తెల్లారింది. బట్ట తెచ్చి కప్పింది. తోక దగ్గర జానెడు తక్కువ వచ్చింది. ‘రాత్రంతా పడుకుని నువ్వు పెరిగావు’ అందట. పులి లేచి చూసుకుంది. నిజమే, తక్కువే. ‘అయితే రేపు మళ్ళీ నెయ్యి’ అంది. మళ్ళీ నేసింది. మళ్ళీ జానెడు తక్కువ..."

వెనక నుంచి ఎవరో అడ్డుపడ్డారు. పిన్ని వాళ్ళని గదిమింది. ఇంకెవరో, ముసలి గొంతు, ఏదో కలిపింది. అందరూ నవ్వారు. ఇమా నవ్వలేదు, కానీ గాల్లో ఉన్న చెయ్యి దిగింది. రెండు వేళ్ళ మధ్య దారం వదిలేసింది. చేతిని ఒళ్ళో పెట్టుకుని, ఫోను దగ్గరికి, మరింత దగ్గరికి వంగింది.

"రోజూ పులి వాకిట్లోనే ఉంటుంది, రోజూ ఆవిడ నేస్తుంది" అంది లింథోయి. "ఊళ్ళో వాళ్ళు అడుగుతున్నారట, భయం వెయ్యదా అని. ఆవిడ..."

అక్కడ ఆగింది.

స్పీకరులో పిన్ని గొంతు తగ్గింది. వెనక ఆడవాళ్ళ సద్దు పూర్తిగా ఆగిపోయింది. కోడి కూడా ఊరుకుంది. లింథోయి నోరు తెరిచే ఉంది, అనువాదం మర్చిపోయి. బిడ్డని రెండు చేతులా గుండెలకి హత్తుకుంది.

"ఆవిడ ఏమంది?" అని గుసగుసగా అడిగింది శ్రీదివ్య.

లింథోయి చెయ్యెత్తి ఆగమన్నట్టు సైగ చేసింది. కళ్ళు ఫోను మీదే ఉన్నాయి.

ఇమా పెదవులు కదులుతున్నాయి. ఏదో మాటకి ఆమె కనుబొమలు దగ్గరికొచ్చాయి, తర్వాతి మాటకి విడిపోయాయి. ఒకసారి తల అడ్డంగా ఊపింది, ఒప్పుకోనన్నట్టు. కాసేపయ్యాక నిలువుగా ఊపింది. అరవై దాటిన ఆవిడ కార్పెట్ మీద మోకాళ్ళ మీద కూర్చుని, గడ్డం కింద రెండు పిడికిళ్ళు ఆనించుకుని, అమ్మ ముందు కూర్చున్న పిల్లలా వింటోంది.

ఆదిత్య శ్రీదివ్య చెవి దగ్గరికి వంగాడు. "ఏమైంది? పులి వెళ్ళిపోయిందా?"

"నాకు తెలీదు."

"అడగవే."

"ఇప్పుడా? ఊరుకోండి."

ఫోను ఆదిత్యదే. ఆ తెర మీద వేలు పెడితే రికార్డు చేసుకోవచ్చు, తర్వాత లింథోయి చేత అర్థం చెప్పించుకోవచ్చు. ఆ సంగతి శ్రీదివ్యకి తట్టింది. ఫోను వైపు చూసింది. ముగ్గురు ఆడవాళ్ళ ఊపిరి తగిలి దాని అద్దం మసకబారింది. చేతులు వెనక్కి తీసుకుని, కాళ్ళు ముడుచుకుని కూర్చుంది. తనకి ఒక్క ముక్కా తెలియని ఆ భాషలో, ఎవరూ చూపించని పులి ముందు, ఎవరూ తనకి చెప్పని మాట ఏదో ఆ నేతగత్తె అంటూనే ఉంది.